నల్లబడిన సగం

థార్న్‌బెక్ లోయలో కత్‌బర్ట్ రైస్ట్రిక్ చేతిరాత చూడని మనిషి లేడు. పబ్బు బోర్డు మీద పొట్టేలు, పాలబండ్ల పక్కల మీద పేర్లు, శవపేటికల ఇత్తడి రేకుల మీద తారీఖులు, అన్నీ అతని చేతివే. అతనికి ముందు తండ్రివి, తాతవి, ముత్తాతవి. పుట్టినప్పుడు ఉయ్యాల మీద పేరు, పోయినప్పుడు పెట్టె మీద పేరు. మధ్యలో మనిషి ఏం చేసుకున్నా రైస్ట్రిక్‌లకి సంబంధం లేదని ఊళ్ళో ఒక సామెతలాగా అనుకునేవారు.

మాట తక్కువ మనిషి. ఎవరైనా పని చెబితే తల ఊపి, గోడని అరచేత్తో ఒకసారి నిమిరి, "బుధవారం వస్తా" అనేవాడు. వచ్చేవాడు. ఆ రెండు మాటల మీద, ఆ ఒక్క నమ్మకం మీద యాభై ఏళ్ళు గడిపాడు.

ఆ ఇంటికి ఇంకో పని కూడా ఉండేది. కొండ మీది పెద్దింట్లో ఉండే లేవర్టన్లు థార్న్‌బెక్ బారన్లు. ఆ బిరుదున్నవాడు గానీ, ఇంటి మగవాడెవడైనా గానీ పోతే, చదరపు చెక్కపలకని మూల మీద నిలబెట్టి రంగులు వేసి ఇవ్వడం రైస్ట్రిక్‌ల వంతు. ఊళ్ళో దాన్ని చావుపలక అనేవారు. ఏడాదిపాటు ఇంటి ముఖద్వారం పైన వేలాడుతుంది. ఏడాది నిండాక చర్చి గోడకెక్కుతుంది. పలక మధ్యలో డాలు, డాలు నెత్తిన ఒంటికాలి కొంగ. అది లేవర్టన్ల కొంగ. ఆ డాలు వెనక వేసే రంగు చదవడం వచ్చినవాడికి పోయిన మనిషి సంసారం తెలిసిపోతుంది. భార్య ముందే పోయినవాడికి వెనకంతా నలుపు. భార్య బతికుండగా పోయినవాడికి తన సగం నలుపు, ఆమె సగం తెలుపు. అక్షరం ముక్క రాని ఆడవాళ్ళు కూడా ప్రార్థన మధ్యలో తలెత్తి, "ఆవిడ మిగిలిపోయింది పాపం" అని గొణుక్కునేవారు. ఇక వంశంలో ఆఖరివాడు పోతే డాలు నెత్తిన కొంగ ఉండదు, పుర్రె ఉంటుంది. పుర్రె వెయ్యాల్సిన అవసరం నాలుగు తరాల్లో ఏ రైస్ట్రిక్‌కీ రాలేదు.

చర్చి పడమటి గోడకి ఎనిమిది మేకులు, ఏడు పలకలు. చిన్నప్పుడు ఉపదేశం సాగినంతసేపూ కత్‌బర్ట్ వాటినే చూసేవాడు. లేవర్టన్ల చరిత్ర అతనికి పుస్తకంలోంచి రాలేదు, మెడనొప్పిలోంచి వచ్చింది. మొదటి బారన్ తన చేతికింది ఓట్లన్నీ ఒక మంత్రికి కట్టబెట్టి బిరుదు తెచ్చుకున్నాడు. "ఆయన ఒంటి నుంచి, చట్టప్రకారం పుట్టిన మగ సంతానానికి తరతరాలుగా" అని రాజుగారు తోలుకాగితం మీద రాసిచ్చారు. రెండో ఆయన పేకాటలో ఒక కొండని గొర్రెలతో సహా పోగొట్టాడు. మూడో ఆయన ఫ్రెంచివాళ్ళ యుద్ధంలో చెయ్యి పోగొట్టుకుని వచ్చి, మిగిలిన చేత్తో లోయంతా దేవదారు మొక్కలు నాటాడు. నాలుగో ఆయనకి రైలు పిచ్చి, అయిదో ఆయనకి పక్షిగుడ్ల పిచ్చి. ఆరో ఆయన ఇద్దరు కొడుకుల్ని మొదటి ప్రపంచయుద్ధంలో పోగొట్టుకుని, బతికిన మూడోవాడికి బిరుదు వదిలి పోయాడు.

ఇవి ఆరు. ఏడోది బారన్‌ది కాదు. మూడో బారన్ తమ్ముడు కెప్టెన్ ఆంబ్రోస్‌ది. చిన్నకొడుకు కాబట్టి మంచి చోటు ఇవ్వలేదు. మూలన, చలికి వెలిగించే బొగ్గు పొయ్యి గొట్టం పక్కన తగిలించారు. దాని పక్కన ఎనిమిదో మేకు ఖాళీ.

1931లో చర్చి కప్పు కారింది. పలకలన్నీ దింపి కత్‌బర్ట్‌కి అప్పగించారు. అప్పటికి అతనికి ఇరవై నాలుగు. తండ్రి మంచంలో ఉన్నాడు. నలభై ఏళ్ళు సీసపు తెలుపు రంగు నూరి నూరి, ఆ విషం ఎక్కి మణికట్లు రెండూ వాలిపోయాయి ఆయనకి. చేతిలో చెంచా కూడా నిలిచేది కాదు. కొడుకు సొంతంగా పట్టుకున్న మొదటి పెద్ద పని అది. ఆంబ్రోస్ పలకలో ఒక సగం నల్లగా, గట్టిగానే ఉంది. రెండో సగం పొక్కులు లేచి, ముదురు గోధుమరంగులో మసిబారి ఉంది. నలుపు పాడైతే అలాగే అవుతుంది అనుకున్నాడు. తండ్రిని అడగాల్సింది. ఆయన చేతులు చూడలేక ఆ వారం ఆ గదిలోకి వెళ్ళలేదు. రంగు కాల్చే దీపం వెలిగించి, ఆ సగాన్ని చెక్క తేలేదాకా గీకేశాడు. గీకుతుంటే ఒకచోట పెచ్చు ఊడి, దాని లోపలి వైపు తెల్లగా కనిపించింది. ఒక క్షణం చూశాడు. అడుగుపూత కాబోలనుకున్నాడు. చీపురుతో ఊడ్చేశాడు. రెండు పూతలు నలుపు వేసి, అద్దంలా మెరిసేదాకా రుద్దాడు. పలకలు మళ్ళీ గోడకెక్కిన ఆదివారం పాదిరిగారు పేరు పెట్టి మెచ్చుకున్నారు. ఆ మెప్పు కత్‌బర్ట్ చాలా ఏళ్ళు దాచుకున్నాడు.

ఏడో బారన్ 1957 మార్చిలో పోయాడు. తేనెటీగలు పెంచుకుంటూ, కూలిన రాళ్ళగోడలు తనే పేర్చుకుంటూ బతికిన మనిషి. భార్య ఎప్పుడో పోయింది. కొడుకులు లేరు. ఒక్కతే కూతురు, మిస్ వినిఫ్రెడ్. అప్పటికి యాభై ఎనిమిదేళ్ళు. పలక సంగతి చెప్పడానికి బురద బూట్లతోనే కత్‌బర్ట్ కొట్టుకి వచ్చింది.

"వెనకంతా నలుపే కదా కత్‌బర్ట్? అమ్మ ముందే పోయింది."

"నలుపేనమ్మా. మరి పైన..."

"అదే చెప్పొచ్చాను. పైన ఏమీ వెయ్యకు. ఖాళీగా వదిలెయ్."

"ఖాళీగానా?"

"లీడ్స్‌లో ఎవరో బస్సు కండక్టరు ఉన్నాడట. ఆంబ్రోస్ వంశం అంటున్నాడు. నాకు ఇల్లొస్తుంది, కప్పు కారే ఇల్లు. పేరు రాదు, నేను ఆడదాన్ని. అది చావడం కంటే కండక్టరు దగ్గరైనా బతకనీ. లండన్‌లో తేలాక కొంగో పుర్రో నువ్వే వేద్దువు గాని."

పలక ద్వారం పైకెక్కింది. డాలు ఉంది, నలుపు ఉంది, డాలు నెత్తిన మాత్రం జానెడు చెక్క బోడిగా ఉంది. పబ్బులో ఇక దానిమీదే నవ్వులు.

"ఏం కత్‌బర్టూ, కొంగ ఎగిరిపోయిందా?"

"పోలేదోయ్, బస్సెక్కి వస్తోందిట. లీడ్స్ నుంచి. టికెట్టు లేకుండా!"

"రంగు సరిపోలేదేమోరా, మధ్యలో ఆగిపోయాడు."

కత్‌బర్ట్ బీరు తాగి, మూతి తుడుచుకుని ఇంటికొచ్చేవాడు.

క్లిఫర్డ్ లేవర్టన్ మే నెలలో ఒక సెలవురోజు వచ్చాడు. పొట్టి మనిషి, యాభై దాటాయి, టికెట్ల సంచీ మోసి మోసి ఎడమ భుజం వాలింది. చర్చిలో కిటికీకి రంగు వేస్తున్న కత్‌బర్ట్ దగ్గరికి టోపీ చేత్తో పట్టుకుని వచ్చాడు.

"రైస్ట్రిక్ అంటే నువ్వేనా? నేను హానా మునిమనవణ్ణి."

హానా పేరు లోయకి తెలుసు. ఎవరూ ఆంబ్రోస్ భార్య అనరు. 'కెప్టెన్ గారి హానా' అంటారు. గుర్రమో కుక్కో అయినట్టు. ఆంబ్రోస్ మొదటి భార్య పిల్లలు లేకుండా 1830లో పోయింది, సమాధి రాయి ఉంది. ఆ తర్వాత పాలదొడ్డిలో పనిచేసే హానాని వాగు ఎగువనున్న చిన్న ప్రార్థనామందిరంలో పెళ్ళి చేసుకున్నాడని క్లిఫర్డ్ వాళ్ళ మాట. ఎవరు నమ్ముతారు? వరదకి మందిరం పోయింది, అందులో రిజిస్టరూ పోయింది. బిషప్‌కి ఏటా పంపాల్సిన నకలు ఆ ఏడు చిన్నపాదిరి బద్ధకించి పంపలేదు. 1836లో కొడుకు పుట్టాడు. రెండేళ్ళకి ఆంబ్రోస్ పోయాడు. తర్వాత కొన్నేళ్ళకి పెద్దింటివాళ్ళు తల్లినీ బిడ్డనీ లోయ దాటించారు.

"ప్రభువుల సభలో కూచోవాలని నాకేం లేదయ్యా," అన్నాడు క్లిఫర్డ్. "ఉన్న మోకాళ్ళతో మా బస్సు పైఅంతస్తు ఎక్కడమే గగనం. కానీ మా ముత్తవ్వని ఈ ఊళ్ళో ఏమన్నారో నీకూ తెలుసు, నాకూ తెలుసు. పెళ్ళాడిన మనిషిని ఆ మాటలనుకుంటూ సాగనంపారు. మా తాత పోయేముందు నన్ను పిలిచి చెప్పాడు. చర్చిలో పొయ్యి పక్కన మా నాన్న పలక ఉంటుంది, సగం తెల్లగా ఉంటుంది, ఆ తెలుపే మా అమ్మ అన్నాడు. ఆయన అయిదేళ్ళప్పుడు చూశాట్ట. భార్య బతికుంటేనే కదా తెలుపు వేస్తారు? మా లాయరు కూడా అదొక్కటి చాలు అన్నాడు. ఏదీ, ఎక్కడుంది?"

కత్‌బర్ట్ కుంచె డబ్బా మీద పెట్టాడు. వేలెత్తి చూపించాడు.

క్లిఫర్డ్ తలెత్తి చూశాడు. కాసేపు కళ్ళు చికిలించాడు. కళ్ళజోడు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నాడు.

"ఇది కాదనుకుంటా. ఇదంతా నలుపే."

"ఇదే," అన్నాడు కత్‌బర్ట్. "ఆ సగం నేను వేసిన నలుపు."

చెబుతుండగానే అతనికి అంతా ఒకేసారి తెలిసింది. పొయ్యి గొట్టం. బొగ్గు పొగ. బొగ్గు పొగ తగిలితే సీసపు తెలుపు నల్లబడుతుందని రంగుపని నేర్చుకునే ప్రతివాడికీ మొదటి ఏడే చెబుతారు. తండ్రి అతనికీ చెప్పాడు. వందేళ్ళు ఆ గొట్టం పక్కన వేలాడిన తెలుపు ఇంకే రంగులోకి మారుతుంది? ఊళ్ళో ఇప్పుడు బతికున్న ఏ ఒక్కరూ దాన్ని తెల్లగా చూసి ఉండరు.

క్లిఫర్డ్ తిట్టలేదు. తిడితే బాగుండేది. "కింద ఏమన్నా మిగిలుంటుందా?" అని మాత్రం అడిగాడు.

"చెక్క తేలేదాకా గీకేశాను."

"ఎందుకంత బాగా చేశావయ్యా పని?"

కత్‌బర్ట్ కుంచె తీసుకుని మళ్ళీ కిటికీ వైపు తిరిగాడు.

నవంబరులో లండన్ నుంచి పిలుపొచ్చింది. ప్రభువుల సభలో బిరుదుల తగాదాలు తేల్చే సంఘం ముందు సాక్ష్యం చెప్పాలి. భార్య హెట్టీ ఆదివారం కోటు ఇస్త్రీ చేస్తూ సణిగింది.

"తెల్లరంగు చూశానని చెప్పెయ్. అంతే. ఇంకో ముక్క మాట్లాడకు. ఎటూ నీకు మాటలు రావు కదా, ఈ ఒక్కరోజు అది కలిసొస్తుంది."

"చూసింది చెబుతానే."

"అదే నా భయం."

పొడుగాటి గది, గుర్రపునాడాలాంటి బల్ల, దాని చుట్టూ ముసలి ప్రభువులు. ఒకాయన గొంతులోకి బిళ్ళలు వేసుకుంటున్నాడు. ప్రభుత్వం తరఫు లాయరు చాలా మర్యాదస్తుడు. కత్‌బర్ట్‌ని కుర్చీలో కూర్చోబెట్టాకే ప్రశ్నలు మొదలుపెట్టాడు.

"ఆ పెచ్చు తెల్లగా ఉందన్నారు. ఎంతసేపు చూశారు మిస్టర్ రైస్ట్రిక్?"

"ఒక్క క్షణం అండీ."

"అప్పుడు అదేమిటనుకున్నారు?"

"అడుగుపూత అనుకున్నానండీ."

"చెక్క మీద మొదట తెల్ల అడుగుపూత వెయ్యడం మీ వృత్తిలో మామూలేనా?"

"మామూలేనండీ. నేనూ వేస్తాను."

"అయితే అది అడుగుపూత అయి ఉండవచ్చు."

వెనక వరసలో క్లిఫర్డ్ కూర్చుని ఉన్నాడు. చూడకుండానే అతని టోపీ మోకాలి మీద తిరుగుతున్నట్టు కత్‌బర్ట్‌కి తెలుస్తోంది. బైబిలు మీద వేసిన చెయ్యి ఇంకా వేడిగా ఉన్నట్టుంది.

"అయి ఉండవచ్చండీ," అన్నాడు.

"చాలా కృతజ్ఞతలు."

తిరుగు రైల్లో పెట్టె తలుపు దగ్గర నిలబడ్డాడు. హిచిన్ స్టేషన్ దాటాక తలుపు అంచున రంగు ఊడి, లోపలి ఎర్ర అడుగుపూత కనిపించింది. దాన్ని చూస్తూ చూస్తూ ఉలిక్కిపడ్డాడు. ముత్తాత నోటుబుక్కు కొట్టులో ఇంకా ఉంది. అందులో ప్రతి పనికీ ముందు 'ఎరుపు, రెండుసార్లు' అని ఉంటుంది. ముత్తాత ఎర్ర అడుగుపూత వేసేవాడు. తెల్ల అడుగుపూత తండ్రి కాలంలో మొదలైంది. ఆంబ్రోస్ పలక ముత్తాతది. అయితే ఆ తెల్లపెచ్చు అడుగుపూత కానే కాదు. పైరంగే! పైన మసిబారింది, లోపల తెల్లగానే ఉంది.

ఇంటికి వెళ్ళలేదు. స్టేషన్ నుంచి నేరుగా చర్చికి నడిచాడు. నిచ్చెన వేసుకుని ఎక్కి, ఆంబ్రోస్ పలకలో తను ముట్టుకోని ఆ పాత నల్ల సగం మూలన జేబుకత్తితో గీశాడు. గోరంత నలుపు లేచింది. కింద ఎరుపు.

ఆ రాత్రి లండన్ సంఘానికి రాసిన ఉత్తరం మూడు పేజీలొచ్చింది. జీవితంలో అంత పొడుగు రాయలేదు. ముత్తాత నోటుబుక్కు కూడా కట్ట కట్టి పంపాడు. జవాబు క్రిస్మస్ దాటాక వచ్చింది. సాక్ష్యాల గడువు ముగిసింది. పైగా నోటుబుక్కులో ఆంబ్రోస్ పలక పేరు పెట్టి రాసినది ఏమీ లేదు. పలక మీద గీత సాక్షి తనంతట తాను, ఎవరూ చూడకుండా గీసినది కాబట్టి దాన్ని లెక్కలోకి తీసుకోలేము. ఇకముందు పలకని దయచేసి ముట్టుకోవద్దు.

పాదిరిగారు ఆ ఉత్తరం చదివి తల పట్టుకున్నారు. "నన్ను పిలవకపోయావా కత్‌బర్ట్? పక్కింట్లోనే ఉన్నాను కదయ్యా. నేను చూస్తుండగా గీస్తే ఇంకోలా ఉండేది."

"తోచలేదండీ."

"ఒక్క కేక వేస్తే వచ్చేవాణ్ణి."

"పని ఒక్కణ్ణే చేసుకోవడం అలవాటండీ."

ఫిబ్రవరిలో తీర్పు వచ్చింది. హానా పెళ్ళి రుజువు కాలేదు. థార్న్‌బెక్ బారన్ బిరుదు ఏడో ఆయనతో అంతరించినట్టే. పేపర్లో మూడు లైన్లు వేశారు. పబ్బులో ఆ రోజు ఎవరూ కొంగ గురించి నవ్వలేదు.

మిస్ వినిఫ్రెడ్ మళ్ళీ వచ్చింది. ఈసారి కూర్చుంది.

"అయితే పుర్రే వెయ్యాలి నువ్వు."

"ఇంకెవరితోనైనా వేయించండమ్మా."

"ఇంకెవరున్నారు? నాన్న పలక సగంలో ఉంది. ఎవరో ముక్కూమొహం తెలియనివాడొచ్చి పూర్తి చేస్తాడా? నీ మీద నాకు కోపం లేదు కత్‌బర్ట్. ఆ బల్ల దగ్గర నన్ను ఎవరూ ఒక్క ప్రశ్న కూడా అడగలేదు, తెలుసా? నా పేరే ఆ పత్రాల్లో లేదు. నీకు కనీసం చెయ్యడానికి ఒక తప్పైనా దొరికింది."

అతను బుధవారం వెళ్ళాడు.

పలకని ద్వారం పైనుంచి దింపి, పెద్దింటి వంటగదిలో బల్ల మీద పెట్టుకున్నాడు. పుర్రె వెయ్యడం రాదు. చూసిన పాత సమాధి రాళ్ళు గుర్తు తెచ్చుకుని, ముందు కాగితం మీద అయిదారుసార్లు గీశాడు. చివరికి వచ్చిన పుర్రె ఎవరినీ భయపెట్టేలా లేదు. నోట మాట రాని మనిషిలా ఉంది. మిస్ వినిఫ్రెడ్ వెనక నిలబడి చూసి, "బాగుంది," అని టీ పెట్టడానికి వెళ్ళింది.

ఏప్రిల్‌లో పలక ఎక్కి ఏడాది నిండింది. పలకని చర్చికి తెచ్చిన శనివారం క్లిఫర్డ్ కూడా బస్సెక్కి వచ్చాడు. ఎవరూ పిలవలేదు. నిచ్చెన కదలకుండా రెండు చేతులా పట్టుకున్నాడు.

"ఎందుకొచ్చావు?" అన్నాడు కత్‌బర్ట్ పైనుంచి.

"మా వాళ్ళ దినం కదయ్యా. మేం ఏమీ కామని కాగితం ఇచ్చారులే. అయినా వచ్చాను. లీడ్స్‌లో మావాళ్ళు నన్ను ప్రభువుగారూ అనడం మానలేదు. మొన్న ఒకామె దిగేటప్పుడు నాకు వంగి దండం పెట్టింది. నలుగురూ నవ్వారు. నేనూ నవ్వాను."

కత్‌బర్ట్ పలక పైకి లాక్కున్నాడు. పొయ్యి పక్కన వద్దు, ఇంకెక్కడైనా వేలాడదీద్దామని పాదిరిగారిని ముందే అడిగాడు. మిగతా మేకులన్నిటికీ పలకలున్నాయి. కొత్త మేకు కొట్టాలంటే బిషప్ అనుమతి కావాలి. ఎనిమిదో మేకు ఆంబ్రోస్ పక్కనే. దానికే తగిలించాడు.

పక్కపక్కన రెండు పలకలు. ఒకదాని మీద తను వేసిన నలుపు, ఒకదాని మీద తను వేసిన తెల్లటి పుర్రె. క్లిఫర్డ్ కింద నుంచి చాలాసేపు చూశాడు.

"ఇది కూడా నల్లబడుతుందా, కొన్నేళ్ళు పోయాక?" అని అడిగాడు. ఆ గొంతులో ఏదో చిన్న ఆశ లాంటిది ఉంది.

కత్‌బర్ట్ నిచ్చెన మెట్టు మెట్టుగా దిగాడు. తండ్రి చేతులు చూసిన దగ్గర్నుంచి అతను సీసపు తెలుపు ముట్టుకోలేదు. ఇప్పుడు వాడేది జింకు తెలుపు.

"లేదు," అన్నాడు. "ఇది కొత్త రకం. పొగకి నల్లబడదు. ఎన్నేళ్ళయినా ఇలాగే ఉంటుంది."

క్లిఫర్డ్ తల ఊపాడు. ఇద్దరూ కలిసి నిచ్చెన మడిచి బయటికి మోశారు.